ప్రతివాది జీపులో హైకోర్టుకు

ఈ మధ్య కాలువల మీద కొత్తగా లష్కర్లుగా చేరిన పిల్లలు కొందరు మా ఇంటికి వచ్చి, "పెద్దనాయినా, మాకు పర్మినెంట్ ఎప్పుడైతది?" అని అడిగారు. నేను జాతకాలు చెప్పేవాడిలా కనిపించానేమో. గడ్డమైతే ఆ మోతాదులోనే పెరిగింది. ఒక చాయ్ తాగేలోపు చెప్పగలిగే సంగతి కాదు కాబట్టి రాసి పెడుతున్నాను.

నా చదువు ఆరో తరగతి. లెక్కల సారుకూ నాకూ పడలేదు. ఇద్దరిలో ఒకరు బడి మానాల్సి వచ్చింది. ఆయనకు ఉద్యోగం ఉంది కాబట్టి నేనే మానేశాను. కనుక ఇందులో అక్షర దోషాలు దొరికితే మా కోడలిని అడగండి, దిద్దింది ఆమె. నిజాలు మాత్రం నావి.

లష్కర్ అంటే

పేరు వింటే పటాలం గుర్తొస్తుంది. మా చేతిలో తుపాకీ ఉండదు, తూము షట్టరు తిప్పే ఇనుప చక్రం ఉంటుంది. సాగర్ ఎడమ కాలువ నుంచి హుజూర్‌నగర్ వైపు చీలిపోయే కాలువల మీద నా బతుకంతా గడిచింది. పొద్దున్నే కట్ట వెంట నడవాలి. ఎక్కడ కట్ట చెమ్మగిల్లుతోందో, ఎక్కడ ఎలుకలు బొరియలు పెట్టాయో చూడాలి. షట్టరుకు అడ్డంపడ్డ గుర్రపుడెక్క లాగి పారేయాలి. మరకు గ్రీజు రాయాలి. ఎంత ఎత్తమంటే అంత ఎత్తాలి, దించమంటే దించాలి. ఆఫీసు లెక్కలో పని ఇంతే.

అసలు పని తిట్లు తినడం. షట్టరు దించితే పై ఊరివాళ్లు తిడతారు, దించకపోతే కాలువ చివరి ఊరివాళ్లు తిడతారు. పైవాళ్లు నన్ను కిందివాళ్ల మనిషి అన్నారు, కిందివాళ్లు పైవాళ్ల మనిషి అన్నారు. నేను సర్కారు మనిషిననుకున్నాను. సర్కారు మాత్రం, నువ్వు మా మనిషివి కాదు, మస్టర్ రోల్ మీద రోజు కూలికి వచ్చేవాడివి అన్నది. ఈ రాతంతా ఆ ఒక్క ముక్క గురించే.

ఒకసారి ఒక పెద్దరైతు షట్టరు చక్రం మీదెక్కి కూర్చున్నాడు. దించాలంటే నన్నూ తిప్పి దించమన్నాడు. నేను గొడవ పడలేదు. "కూసో మామా, చక్రం ఇనుముది, పొద్దెక్కుతాంది" అని పక్కన తుమ్మచెట్టు నీడలో కూర్చున్నాను. కాసేపటికి ఆయనే దిగి, వెనక తడుముకుంటూ వెళ్లిపోయాడు. కాలువల మీద తగాదాల్లో సగం ఎండ తీరుస్తుంది, ఇంకో సగం నవ్వు తీరుస్తుంది. కొత్త పిల్లలు ముందు ఈ సంగతి నేర్చుకోవాలి. ఎదుటివాడికి నీళ్లు లేక కోపం, నీ మీద కాదు.

లేని మనుషులు

మేము చేరినప్పుడు ఎవరూ కాయితం ఇవ్వలేదు. వర్క్ ఇన్‌స్పెక్టరు వేలు చూపించి, "నువ్వు, నువ్వు, నువ్వు రాండ్రి" అన్నాడు. ఆ వేలే మా నియామక పత్రం. నందికొండలో అప్పుడొక ఇంజినీరు ఉండేవాడు. మనిషి మంచివాడే, భయస్తుడు. ఏకబిగిన పనిచేస్తే రేపు పర్మినెంట్ అడుగుతారని, అప్పుడప్పుడూ మధ్యలో కొన్ని రోజులు మేం పనిలో లేనట్టు రాయించేవాడు. మేము మాత్రం తూము దగ్గరే ఉండేవాళ్లం. ఆ రోజుల్లో మేము లేము, మేము తిప్పిన షట్టరు ఉంది, దాని కింద పారిన నీళ్లు ఉన్నాయి, ఆ నీళ్లతో పండిన వడ్లు ఉన్నాయి. "సార్, ఇయ్యాల నేను లేను గద, పాము కరిస్తే ఎవరిని కరిచినట్టు?" అని అడిగాను. ఆయన నవ్వాడు. నవ్వి మళ్లీ లేనట్టే రాయించాడు.

చాలా రోజులు మేము కోర్టు దాకా పోలేదు. సంఘం నాయకుడు పెద్దవాళ్ల దగ్గరికి తీసుకుపోయేవాడు. మేము శాలువాలు కప్పేవాళ్లం, వాళ్లు చూస్తాం అనేవాళ్లు. మేం కప్పిన శాలువాలన్నీ కలిపి కుడితే కాలువ పొడుగునా పరవచ్చు. తెలంగాణ వచ్చాక ఇంక మనకు ఢోకా లేదనుకున్నాం. ఆ శాలువాలు కూడా కప్పాం. అప్పుడుగానీ తెలిసిరాలేదు, రాష్ట్రం మారినా ఫైలు కూర్చునే కుర్చీ మారదని.

మాలో పెద్దవాడు యాకోబు. కాలువ చివరి తూము ఆయనది. ఆ తూము పక్కనే, ఎప్పుడో కట్టి వదిలేసిన డిపార్టుమెంటు క్వార్టరులో భార్య సుందరమ్మతో ఉండేవాడు. ఆడపిల్లల పెళ్లిళ్లయ్యాయి. గుంట భూమి లేదు, సొంత ఇల్లు లేదు. యాకోబుకు ఒక అలవాటు. జీపు హారన్ వినబడితే చాలు, ఎదురుగా ఎవరున్నా లేకపోయినా చేతులు జోడించేవాడు. ఒకసారి ఐస్‌క్రీం బండికి కూడా దండం పెట్టాడని నేను ఏళ్ల తరబడి ఏడిపించాను. కోపం తెచ్చుకునేవాడు కాదు. "పోతె ఒక దండం పోయింది, నీదేం పాయె" అనేవాడు.

పరిశీలించండి అంటే

కేసు వేసినప్పుడు వయసులో పెద్దవాడని యాకోబు పేరే మొదట రాశారు. ఆయన, మరికొందరం. వకీలు సునందమ్మది షాద్‌నగర్. పాలమూరు వైపు కాలువ పనివాళ్ల కేసు ఒకటి గట్టిగా నడిపిందని విని ఆదివారం ఆదివారం ఆమె ఇంటికి పోయేవాళ్లం. మనిషి సన్నం, గొంతు లావు. మొదటి రోజే ఒక మాట చెప్పింది. "నాకు అబద్ధం చెప్పకుండ్రి. కోర్టుల జెప్పాల్సినయి ఏందో నేను జూసుకుంట." ఆ మాట మీరూ రాసిపెట్టుకోండి. వకీలుకు అబద్ధం చెప్పినవాడు దవాఖానకు పోయి నొప్పి లేనిచోట చూపించినట్టే.

కేసు మొదట ట్రిబ్యునల్‌లో ఉండేది. అది ఎత్తేశాక కట్టలు కట్టి హైకోర్టుకు పంపారు. మేమూ కట్టల వెంట పోయాం. చివరికి తీర్పు వచ్చింది, అర్హతలు చూసి రెగ్యులర్ చేసే విషయం పరిశీలించండి అని. మేము మిఠాయి పంచాం. కాలువ కట్ట మీద డప్పులు కూడా కొట్టించాం. సునందమ్మ ఒక్కతే మిఠాయి ముట్టలేదు. ఎందుకో కొన్ని నెలలకు తెలిసింది. వాళ్లు పరిశీలించారు. పరిశీలించి, కుదరదని ఒక్క ముక్కలో రాసి పంపారు. ఎందుకంటే మేము కొన్ని రోజులు పనిలో లేమట.

పిల్లలూ, పరిశీలించమన్న తీర్పు వస్తే డప్పులు మాట్లాడకండి. అది గెలుపు కాదు, మళ్లీ మొదలుపెట్టమని ఇచ్చిన అనుమతి.

మళ్లీ మొదలుపెట్టాం. ఈసారి కోర్టు గట్టిగానే రాసింది. ఆ మధ్యలో లేని రోజులు లెక్కలోకి రావు, ఫలానా గడువులోపు వీళ్లను రెగ్యులర్ చెయ్యాలి అన్నది. గడువు వచ్చింది, పోయింది. ఆఫీసు నుంచి ఉలుకూ పలుకూ లేదు. ఇటు చూస్తే యాకోబుకు వయసు దగ్గర పడుతోంది. వచ్చే మే నెలాఖరుకు పని నుంచి దిగిపోవాలి. ఆలోపు ఉత్తర్వు చేతికొస్తే ఆయన పింఛను ఉన్న ఉద్యోగి. రాకపోతే కూలికి వచ్చినవాడు కూలి మానేసినట్టు. పింఛనూ లేదు, క్వార్టరూ ఖాళీ చెయ్యాలి. సుందరమ్మ నన్ను చూసినప్పుడల్లా ఒకటే అడిగేది, "మే లోపట వస్తదా తమ్మీ?" నేను ప్రతిదానికీ ఒక జోకు చెప్పేవాణ్ని. ఆమె అడిగినదానికి ఒక్కటీ తోచేది కాదు.

ఖాదర్ సారు

అప్పటి మా ఈఈ, అంటే ఎగ్జిక్యూటివ్ ఇంజినీరు, ఖాదర్ సారు. పాలమూరు మనిషి. కోపం ముక్కు మీద కాదు, మీసం మీద ఉండేది. అది కదిలితే మేము పక్కకు జరిగేవాళ్లం. నేను ఎందరో సార్లను చూశాను. పని రాకపోయినా మంచిగా మాట్లాడేవాళ్లు, పని వచ్చి మనిషిని లెక్కచెయ్యని వాళ్లు, రెండూ రాక పూజలు చేసుకునేవాళ్లు. ఈయన తిట్టేవాడు, తిట్టిన చోటే నిలబడి పని చూపించేవాడు. గండి పడితే ప్యాంటు మడిచి మాతోపాటు ఇసుక బస్తా ఎత్తిన ఇంజినీరు నాకు తెలిసి ఆయనొక్కడే.

ఒక రోజు షట్టరు మరమ్మతు సంగతి మాట్లాడాలని నన్ను ఆఫీసుకు పిలిచాడు. జవానును చాయ్ తెమ్మని పంపాడు. తలుపు దగ్గరికి వేశాడు.

"సైదులూ, మీ వకీలమ్మ ఏం జేస్తాంది?"

"మీరేం జేస్తరా అని చూస్తాంది సార్."

"నేనేం జేస్తనయ్యా. మీరు అర్హులే అని రాసిన. ఒక్కమారు గాదు, మల్ల మల్ల రాసిన. ఫైలు పైన పండుకున్నది. దాన్ని లేపాలంటె ఒకటే తొవ్వ. నా మీద ధిక్కారం కేసు ఏసుండ్రి."

నాకు అర్థం కాలేదు. కోర్టు మాట వినలేదని అధికారి మీద వేసే కేసు అది. రుజువైతే శిక్ష కూడా ఉంటుంది. "మీ మీదెందుకు సార్? పైనోళ్ల మీద ఏస్తం."

"అందరి పేర్లు రాయుండ్రి. పైనోళ్లకు రానవసరం లేదని ఏదో ఒకటి జెప్పి ఇడిపించుకుంటరు. ఆఖరి పేరు నాది. నేనే దొరుకుత. జడ్జి నన్ను నిలదీస్తె, గప్పుడు నేను పైనోళ్లను లేపచ్చు."

"మీ ప్రమోషన్..."

"నా ఫికర్ నువ్వు జెయ్యకు. చాయ్ తాగి పో. ఈ మాట బయట అన్నవంటె కాలువల ముంచుత."

కొత్తవాళ్లకు ఇది వింతగా ఉంటుంది. సర్కారు ఆఫీసుల్లో ఇది కొత్త పద్ధతేమీ కాదు. చెయ్యాలని ఉన్న అధికారి కూడా తనంతట తాను చెయ్యలేడు. రేపు ఎవరైనా ఎందుకు చేశావంటే చూపించడానికి కోర్టు కాయితం కావాలి. అందుకే మంచి అధికారి మీ చెవిలో, నా మీద కేసు వెయ్యి అంటాడు. చెడ్డవాడు, కేసు ఎందుకు, నేనున్నాను కదా అంటాడు. ఎవరు ఏ మాట అంటున్నారో చూసుకుంటే మనిషి తెలిసిపోతాడు.

సునందమ్మకు చెప్పాను. బయటి మనిషి కాదు కదా, మా వకీలే. ఆమె మొదటిసారి నవ్వింది. "ఆయన పేరు పెద్దక్షరాలతోని రాస్త" అన్నది.

జీపు

ధిక్కారం కేసు వాయిదా ఏప్రిల్ చివరలో పడింది. అది దాటితే కోర్టుకు వేసవి సెలవులు. ఆ రోజే ఏదో ఒకటి తేలాలి. జడ్జి ఒక్క వారం గడువిచ్చి బెదిరించినా చాలు, యాకోబుకు సమయం మిగులుతుందని సునందమ్మ లెక్క.

పొద్దున్నే నేనూ యాకోబూ బస్సు కోసం నిలబడ్డాం. ఖాదర్ సారు జీపు మా ముందు ఆగింది. ఆయనా అదే వాయిదాకు పోతున్నాడు. "నేను గూడ ఆడికే పోతున్న గద. బస్సుల నిలవడి పోవుడెందుకు? ఎక్కుండ్రి" అన్నాడు.

ఎక్కాం. ఇప్పుడు చదువుతుంటే మీకు నవ్వొస్తుంది. మాకు అప్పుడు ఒక్క అనుమానం కూడా రాలేదు. సారు ఎక్కమంటే లష్కర్ ఎక్కుతాడు, దిగమంటే దిగుతాడు. ఇన్నేళ్లలో మా ఒంటికి అలవాటైంది అదొక్కటే. యాకోబు సారు సంచి ఒళ్లో పెట్టుకున్నాడు. నార్కట్‌పల్లి దగ్గర ఆగి చాయ్ తాగాం. సుందరమ్మ కట్టిచ్చిన జొన్నరొట్టె, పచ్చిమిరపకాయల తొక్కు సారే ఎక్కువ తిన్నాడు. యాకోబు ఆయన తింటుంటే చూసి మురిసిపోయాడు. "కేసు ఏసినోళ్ల ఇంటి రొట్టె సార్, చూసి తినుండ్రి" అన్నాను. మీసం కదిలింది, కానీ నవ్వుతోనే.

హైకోర్టు గేటు దగ్గర దిగాం. ఎండ మండిపోతోంది. యాకోబు ఒక చేత్తో సారు సంచి, ఇంకో చేత్తో సారు నెత్తి మీద గొడుగు పట్టుకుని నడిచాడు. నేను వెనక నీళ్ల సీసా పట్టుకుని నడిచాను. ఎదురుగా సర్కారు వకీలు తన జూనియర్లతో నిలబడి ఉన్నాడు. మమ్మల్ని పైనుంచి కిందికి చూశాడు. మేము ఆయనకూ దండం పెట్టాం.

సునందమ్మ వరండాలో చూసింది. ముఖం మాడిపోయింది.

"ఏంది సైదులూ ఇది? మీరు కేసు ఏసినోళ్లా, ఆయన జవాన్లా?"

"రెండూ అమ్మా" అన్నాను. నా నోటికి బుద్ధి తక్కువ.

లోపల మా నంబరు వచ్చింది. సర్కారు వకీలు లేచి ఇంగ్లీషులో ఏదో చెప్పాడు. జడ్జి మా వైపు చూసి చిరునవ్వు నవ్వాడు. బాగుంది అన్నట్టు తలూపాడు. సునందమ్మ గబగబా ఏదో చెప్పబోయింది. అప్పటికే పక్క కేసు పిలిచారు. అంతే, అయిపోయింది. బయటికి వచ్చాక ఆమె తెలుగులో చెప్పింది. రెండు పక్షాలూ సఖ్యతగానే ఉన్నాయి, ఈరోజు ఒకే బండిలో వచ్చారు, వ్యవహారం సామరస్యంగా తేలిపోతుంది, కొంచెం సమయం ఇవ్వండి అన్నాడట. జడ్జి సెలవుల తర్వాతకు వాయిదా వేశాడు.

ఖాదర్ సారు తల వంచుకుని గోడ పక్కన నిలబడ్డాడు. తప్పు చేసిన పిల్లవాడిని బడి బయట నిలబెట్టినట్టు ఉన్నాడు. యాకోబు ఒక్కటే అడిగాడు.

"సెలవుల తర్వాత అంటె జూన్ గద అమ్మా?"

"జూనే."

యాకోబు గోడ దగ్గరికి నడిచాడు. సారు సంచి సారు చేతికిచ్చాడు. మేము ఇమ్లిబన్ బస్టాండు నుంచి బస్సెక్కాం. చౌటుప్పల్ దగ్గర సారు జీపు వెనక సీట్లు ఖాళీగా మమ్మల్ని దాటిపోయింది. యాకోబు చేతులు వాటంతటవే లేచాయి, బస్సు కిటికీలోంచి.

మే నెల

రోజుకూలి మనిషికి పదవీ విరమణ సభ ఉండదు. అయినా మేమంతా ఆ నెలాఖరు రోజు చివరి తూము దగ్గర కూడాం. మా కాలువ మీద ఒక ఆచారం ఉంది. దిగిపోయే లష్కర్ తన షట్టరు మరకు తనే ఆఖరుసారి గ్రీజు రాసి, దాన్ని పూర్తిగా ఎత్తి దించి చూపించి, చక్రం మీద చెయ్యి తీసేయాలి. ఆ తర్వాత దాన్ని ముట్టుకోకూడదు. యాకోబు ఎంత నిదానంగా రాశాడో చెప్పలేను. మరలో ఒక్కొక్క గాడి తుడిచి, రాసి, మళ్లీ తుడిచాడు. ఎవరూ తొందర పెట్టలేదు.

వాతావరణం తేలిక చేద్దామని, "నౌకరి ఇయ్యకుంటనే రిటైర్మెంట్ ఇస్తున్న సర్కారు మనదొక్కటే ఉండచ్చు" అన్నాను. నా జీవితంలో ఎవరూ నవ్వని జోకుల్లో అదొకటి. సుందరమ్మ లోపలికి వెళ్లిపోయింది.

ఖాదర్ సారు నడిచి వచ్చాడు. జీపు దూరంగా ఆపినట్టున్నాడు. శాలువా తేలేదు, మాటలు చెప్పలేదు. క్వార్టరు గోడలు ఒకసారి చూసి, దీన్ని ఖాళీ చేయించమని తాను రాయబోనని, పైనుంచి ఎవరైనా వచ్చి అడిగితే తనతో మాట్లాడమని చెప్పాలని నాతో అన్నాడు. పోతూ పోతూ యాకోబు భుజం మీద చెయ్యి వేశాడు. "జీపు ఎక్కమన్నది నేను యాకోబూ. జూన్‌ల నేను మాట్లాడుత."

జూన్ వాయిదా

ఈసారి మేము బస్సులో పోయాం. సునందమ్మ ముందే ఆజ్ఞ ఇచ్చింది. ఈఈ సారు వైపు చూడొద్దు, పలకరించొద్దు, దండం అసలే పెట్టొద్దు. యాకోబు మీద ఆమెకు నమ్మకం లేదు. అందుకని కోర్టు హాలు బయట తన కేసు కట్టలన్నీ తీసి ఆయన రెండు చేతుల మీద పేర్చింది, చేతులు లేవకుండా. గడ్డం దాకా కట్టలు. ఖాదర్ సారు ఎదురుగా వచ్చాడు. యాకోబు చేతులు కదల్లేదు. తల మాత్రం వంగింది, పై కట్ట మీద గడ్డం ఆనించి. సారు చూడనట్టు పక్కనుంచి పోయాడు. ఇద్దరికీ అది ఎంత కష్టమైందో చూసినవాణ్ని నేను.

మా నంబరు పిలిచారు. ఉత్తర్వు ఏదని జడ్జి అడిగాడు. సర్కారు వకీలు ఇంకొంచెం సమయం అన్నాడు. సునందమ్మ లేచి, మీరు సెలవుల తర్వాతకు వేశారు, ఈలోపు మొదటి పిటిషనరుకు వయసు నిండింది, ఈ ఆలస్యం ఎవరి ఖాతాలో వెయ్యాలి అన్నది. పిటిషనర్లే ఒప్పుకుని సమయం ఇచ్చారు కదా, అందరూ ఒకే బండిలో వచ్చారు కదా అని సర్కారు వకీలు అన్నాడు. జడ్జి ఖాదర్ సారును ముందుకు రమ్మన్నాడు. నిజమేనా, వీళ్లు రాజీకి వచ్చారా అని తెలుగులోనే అడిగాడు.

సారు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. గొంతు కాలువ మీద తిట్టే గొంతు కాదు.

"బండి నాది సార్. ఎక్కమన్నది నేను. వాళ్లు నా కింద పనిచేసేటోళ్లు. నేను ఎక్కమంటె ఎక్కను అని అనలేరు. అది రాజీ కాదు సార్, అలవాటు."

సర్కారు వకీలు వెనకనుంచి ఆయన చొక్కా లాగాడు. సారు ఆగలేదు. వీళ్లు అర్హులని తాను రాసి పంపానని, పైనుంచి జవాబు లేదని, ఉత్తర్వు ఇచ్చే అధికారం తనకు లేదని, ఉన్నవాళ్ల పేర్లు ఈ కేసులోనే తనకంటే పైన ఉన్నాయని చెప్పాడు. సొంత పక్షం వకీలు పక్కన నిలబడి ఉండగా ఒక అధికారి ఇలా చెప్పడం నేను మళ్లీ చూడలేదు. జడ్జి కాసేపు ఏదో చదువుకున్నాడు. తర్వాత, పై అధికారులు వచ్చే వాయిదాకు స్వయంగా రావాలన్నాడు. యాకోబు సంగతి విడిగా రాయించాడు. కోర్టు ఇచ్చిన గడువులోనే ఉత్తర్వు అమలైనట్టు భావించి, ఆ తేదీ నుంచి ఆయన్ని ఉద్యోగిగా లెక్కించాలి అని.

పెద్దవాళ్లు కోర్టు మెట్లు ఎక్కాల్సిన అవసరం రాలేదు. ఆ వాయిదాకు ముందే మా ఉత్తర్వులు వచ్చేశాయి. ఏళ్ల తరబడి పండుకున్న ఫైలు నడిచి రాలేదు, ఉరికి వచ్చింది.

తర్వాత

ఖాదర్ సారుకు శిక్ష అంటూ ఏదీ పడలేదు. బదిలీ పడింది, పాలమూరు వైపు ఎవరూ అడగని ఒక పోస్టుకు. ప్రమోషన్ ఆయనకంటే చిన్నవాళ్లకు వచ్చాక వచ్చింది. ఫోను చేసి బాధపడితే, "సొంతూరికి దగ్గర పంపిన్రు, మా అమ్మీ సంతోషపడుతాంది, నీకేం నొప్పి?" అని తిట్టాడు. ఆయన తిడుతుంటే ప్రాణం కుదుటపడింది.

నేను రెగ్యులర్ లష్కర్‌గా కొన్నేళ్లు చేసి దిగిపోయాను. షట్టరు అదే, తిట్లు అవే. సెలవు పెడితే మాత్రం సెలవులో ఉన్నానని రాసేవాళ్లు, లేనని కాదు. ఆ తేడా ఏమిటో మీకు కూడా ఒకనాడు తెలియాలని నా కోరిక.

మీకు నేను చెప్పగలిగింది కొంచెమే. మంచి అధికారి దొరికితే గౌరవించండి, కానీ కేసు నడిచే రోజుల్లో ఆయన బండి ఎక్కకండి. ఆయన మంచితనం వల్ల కూడా మీకు నష్టం జరగవచ్చు, ఆయనకు తెలియకుండానే. ఇంకోటి, మీలో ఎవరికి వయసు దగ్గర పడుతోందో ముందు చూసుకోండి. కేసు అందరిదే అయినా గడియారం ఒక్కొక్కరిది ఒక్కో తీరుగా నడుస్తుంది. తీర్పు ఆలస్యమైతే చిన్నవాడికి ఇంకొన్నాళ్ల ఓపిక, పెద్దవాడికి బతుకంతా.

యాకోబు పింఛను వెంటనే రాలేదు. ఆ కాగితం ఈ కాగితం అంటూ తిప్పారు, సునందమ్మ ఇంకోసారి గొంతు పెంచాల్సి వచ్చింది. చివరికి వచ్చింది. ఇప్పుడు హుజూర్‌నగర్‌లో చిన్న ఇల్లు కిరాయికి తీసుకుని ఉంటున్నారు.

పింఛనుదారులు ఏడాదికోసారి బతికే ఉన్నామని ట్రెజరీలో రుజువు చూపించాలి. మొదటిసారి యాకోబుకు తోడు నేనూ పోయాను. ఇస్త్రీ చొక్కా వేసుకుని ఆఫీసు తాళం తియ్యకముందే మెట్ల మీద కూర్చున్నాడు, పక్కన సుందరమ్మ. ఇదంతా ఫోనులో ముఖం చూపిస్తే అయిపోతుంది, ఇంత దూరం ఎందుకని నేను విసుక్కున్నాను. "ఫోన్ల నేను కనవడుడు గాదు, వాళ్లు నన్ను జూడాలె" అన్నాడు.

లోపల గుమాస్తా పేరు పిలిచాడు. ముఖం చూశాడు, వేలిముద్ర తీసుకున్నాడు, అయిపోయింది తాతా పో అన్నాడు. యాకోబు కదల్లేదు.

"మల్లొచ్చే ఏడు గూడ అడుగుతరు గద సార్, నేను ఉన్ననా లేనా అని?"

"నువ్వున్నన్ని రోజులు అడుగుతం తాతా. అడగాల్సిందే."

బయటికొచ్చి మెట్ల మీద ఉన్న సుందరమ్మకు ఆ మాట చెప్పాడు. ఆమెకు సరిగా వినబడలేదేమోనని మళ్లీ చెప్పాడు.